పోలండ్‌లో హోలోకాస్ట్ స్థలాలు: గైడుతో వెళ్లేవారి సందేహాలు

ప్రశ్న: క్రాకోవ్‌లో మూడు రోజులు ఉంటాం. ఆష్విట్జ్ టూరుకు ఒక్కో కంపెనీ ఒక్కో ధర చెబుతోంది. అసలు ప్రవేశమే ఉచితమని ఇంకొకచోట చదివాం. ఏది నమ్మాలి?

జవాబు: రెండూ నిజమే. హోలోకాస్ట్‌లో, అంటే రెండో ప్రపంచ యుద్ధకాలంలో నాజీలు యూదులను సామూహికంగా చంపినప్పుడు, నడిచిన ఈ శిబిరం ఇప్పుడు మ్యూజియం. దాని ఆవరణలోకి ప్రవేశ రుసుము లేదు. గైడుతో తిరగాలంటే మాత్రం డబ్బు కట్టాలి. ఉచితంగా వెళ్లేవారికి కూడా పాసు తప్పదు. మ్యూజియం సొంత వెబ్‌సైటులో తేదీ, వేళ ఎంచుకుని పేరు మీద ముందే తీసుకోవాలి. ఆ పేరు పాస్‌పోర్టులో ఎలా ఉందో అలాగే ఉండాలి. ఇంటిపేరును ఒక్క అక్షరానికి కుదించి నమోదు చేస్తే తనిఖీ దగ్గర ఇబ్బంది పడతారు. భద్రతా తనిఖీకి వరుస ఉంటుంది కాబట్టి పాసు మీది వేళకు అరగంట ముందే చేరుకోండి. చిన్న చేతిసంచి మాత్రమే లోపలికి రానిస్తారు. వెన్నుసంచి ఉంటే సామాను గదిలో పెట్టాలి.

కంపెనీలు ప్రధానంగా అమ్మేది రవాణా. పాసు సంపాదించే శ్రమ కూడా వాళ్లదే. ఎంత ఖరీదైన టూరు కొన్నా లోపల మీతో మాట్లాడేది మ్యూజియం శిక్షణ పొంది, అనుమతి ఉన్న గైడే. బయటి గైడు అక్కడ జట్టును నడిపించడానికి వీల్లేదు. అందుకని 'మా గైడు ప్రత్యేకం' అనే ప్రకటన చూసి ఎక్కువ పెట్టకండి.

ధరలో పెద్ద తేడా కనిపిస్తే షరతులు చదవండి. చవక టూర్లలో కొన్ని 'గైడ్‌బుక్‌తో' అని ఉంటాయి. అంటే బస్సు దింపుతుంది, చేతిలో ఒక పుస్తకం పెడతారు, గైడు ఉండడు. ఇది తెలియక కొని గేటు దగ్గర గొడవపడేవాళ్లు చాలామంది. రెండోది, బయల్దేరే వేళ. గైడు ఖాళీ ఏ గంటకు దొరికితే ఆ గంటకు బస్సు నడిపే కంపెనీలు అసలు సమయాన్ని ముందురోజు చెబుతాయి. తెల్లవారుజామున కావచ్చు, మధ్యాహ్నం కావచ్చు. ఆ రోజుకు ఇంకే టికెట్టూ కొని పెట్టుకోకండి. దారి ఒకవైపే దాదాపు గంటన్నర, రానూపోనూ లోపలి సమయంతో కలిపి ఏడు గంటలు అనుకోండి.

సొంతంగా వెళ్లడం కష్టమేమీ కాదు. క్రాకోవ్ బస్టాండు నుంచి మ్యూజియం వరకూ బస్సులున్నాయి. రైలు ఒష్వియెంచిమ్ (ఆష్విట్జ్ ఊరి పోలిష్ పేరు) స్టేషన్‌లో దింపుతుంది, అక్కడినుంచి సుమారు రెండు కిలోమీటర్లు. జనవరి 1న, డిసెంబర్ 25న, ఈస్టర్ ఆదివారం మ్యూజియం మూసి ఉంటుంది.

ప్రశ్న: టూరు మూడున్నర గంటలని రాశారు. సరిపోతుందా? అక్కడ కనిపించేవన్నీ అసలువేనా, తర్వాత కట్టినవా?

జవాబు: సరిపోదు. కారణం ఆ సమయాన్ని పంచే తీరులో ఉంది. చూడాల్సిన శిబిరాలు రెండు. ఆష్విట్జ్-1 ఇటుక భవనాల శిబిరం, ఒకప్పుడు పోలిష్ సైన్యం బారకులు. 1940 జూన్ 14న టర్నూఫ్ నుంచి 728 మంది పోలిష్ ఖైదీలను ఇక్కడికి తెచ్చారు. బాధితుల బూట్లు, సూట్‌కేసులు, జుట్టు ఉన్న గదులు, శిబిరంలో జైలుగా వాడిన 11వ బ్లాకు నేలమాళిగ ఇవన్నీ ఇక్కడే. అక్కడికి మూడు కిలోమీటర్ల దూరంలో బిర్కెనావ్. మ్యూజియం కాపాడుతున్న 191 హెక్టార్లలో బిర్కెనావ్ ఒక్కటే 171. మొత్తం చనిపోయిన సుమారు 11 లక్షల మందిలో దాదాపు 10 లక్షలు యూదులు, వారిలో అత్యధికులను చంపింది బిర్కెనావ్‌లో. అయినా టూరులో పెద్ద భాగం మొదటి శిబిరానికే పోతుంది. బిర్కెనావ్‌కు గంటో, గంటకు కొంచెం పైనో మిగులుతుంది. గేటు, పట్టాలు, ఒక బారకు, కూలిన క్రిమటోరియం (శవాలను కాల్చిన భవనం) చూపించి బస్సు ఎక్కిస్తారు.

దీనికి మార్గం ఉంది. సొంతంగా వెళ్లినవారు టూరు ముగిశాక బిర్కెనావ్‌లోనే ఉండిపోవచ్చు. రెండు శిబిరాల మధ్య ఉచిత బస్సు తిరుగుతుంటుంది కాబట్టి తిరిగి రావడానికి తొందర లేదు. కంపెనీ బస్సులో వచ్చినవారికి ఈ వెసులుబాటు లేదు. కంపెనీ టూరు వద్దని చెప్పడానికి మా దగ్గర ఉన్న బలమైన కారణం ఇదొక్కటే. ఇంకా లోతుగా కావాలంటే మ్యూజియంలోనే ఆరు గంటల అధ్యయన టూరు ఉంది.

మిగిలిన గంటల్లో లోపలి చివరిదాకా నడవండి. అక్కడ 'సౌనా' అనే భవనం ఉంది. చంపకుండా పనికి ఎంచుకున్నవారిని బట్టలిప్పించి, గుండు చేసి, ఖైదీలుగా నమోదు చేసింది అందులోనే. బాధితుల సామానులో దొరికిన కుటుంబ ఫొటోలను ఇప్పుడు అక్కడ ప్రదర్శించారు. పెళ్లిళ్లు, విహారాలు, బడి పిల్లలు. పక్కనే దోచిన సామాను నిల్వచేసిన గిడ్డంగుల పునాదులు. ఇంత దూరం చాలా జట్లు రావు. రైలు పట్టాల గురించి ఒక పొరపాటు అభిప్రాయం ఉంది. లోపలిదాకా వచ్చే ఆ పట్టాలను 1944 మే నుంచి వాడారు, హంగరీ నుంచి నాలుగు లక్షల మందికి పైగా యూదులను తెచ్చింది వాటి మీదే. అంతకు ముందు రెండేళ్లు రైళ్లు ఆగింది రెండు శిబిరాల మధ్య బయట ఉన్న పాత ప్లాట్‌ఫారం దగ్గర. అదీ చూడదగ్గదే.

అసలా, కాదా అన్న ప్రశ్నకు జవాబు ఒక్కో కట్టడానికి ఒక్కోలా ఉంటుంది. ఆష్విట్జ్-1 గేటు మీది ఇనుప అక్షరాలు ఇప్పుడు నకలు. అసలుదాన్ని 2009 డిసెంబర్‌లో దొంగిలించి మూడు ముక్కలు చేశారు, దొరికాక భద్రపరిచారు. అక్కడి క్రిమటోరియంను నాజీలే తర్వాత వైమానిక దాడుల ఆశ్రయంగా మార్చేశారు. యుద్ధం అయ్యాక పొగగొట్టం, పొయ్యిలు కొన్ని తిరిగి అమర్చారు. బిర్కెనావ్‌లో మాత్రం శిథిలాలు శిథిలాలుగానే ఉన్నాయి. నాలుగో క్రిమటోరియం 1944 అక్టోబర్ 7న అక్కడ పనిచేయించిన యూదు ఖైదీల తిరుగుబాటులో కాలిపోయింది. మిగతావాటిని సోవియట్ సైన్యం రాకముందు నాజీలే పేల్చేశారు. గైడును అడిగితే ఏది అసలుదో స్పష్టంగా చెబుతారు. అడగడానికి మొహమాటపడకండి.

నీడ లేని కంకర నేల మీద చాలా నడవాలి. వేసవిలో టోపీ, నీళ్లు, చలికాలంలో గాలి ఆపే కోటు, ఎప్పుడైనా సరే మడమ లేని బూట్లు.

ప్రశ్న: ఫొటోలు తీసుకోవచ్చా?

జవాబు: సొంతానికి తీసుకోవచ్చు, ఫ్లాష్ లేకుండా. 4వ బ్లాకులో జుట్టు ఉన్న గదిలోనూ, 11వ బ్లాకు నేలమాళిగలోనూ కెమెరా ఎత్తకూడదు. బిర్కెనావ్ పట్టాల మీద బ్యాలెన్స్ చేస్తూ ఫొటోలు దిగవద్దని 2019లో మ్యూజియమే బహిరంగంగా కోరాల్సి వచ్చింది. అంతకన్నా చెప్పక్కర్లేదు.

ప్రశ్న: క్రాకోవ్‌లో కజిమియెష్ అనే యూదుల పేటలో గైడు టూరు తీసుకుంటే ఘెట్టో చూసినట్టేనా?

జవాబు: కాదు. చాలామంది ఇక్కడే పొరబడతారు. కజిమియెష్ యూదులు శతాబ్దాలుగా బతికిన పేట. నాజీలు ఘెట్టో (యూదులను బలవంతంగా బంధించి ఉంచిన పేట) పెట్టింది 1941 మార్చిలో, విస్తులా నదికి అవతల పొద్గూజెలో. అంతకుముందు సుమారు 3,000 మంది ఉన్న వీధుల్లో 15,000కు పైగా మనుషుల్ని కుక్కారు. 1993 నాటి హాలీవుడ్ చిత్రం 'షిండ్లర్స్ లిస్ట్'లో ఘెట్టో దృశ్యాలను కజిమియెష్‌లో చిత్రీకరించడంతో గందరగోళం మరింత పెరిగింది.

కాబట్టి టూరు కొనేముందు ఒకటే అడగండి: నది దాటుతారా, లేదా? దాటితే చూడాల్సినవి దగ్గరదగ్గరే. ఘెట్టో వీరుల కూడలిలో ఖాళీ లోహపు కుర్చీలు ఉంటాయి. బెల్జెట్స్ సంహార శిబిరానికి పంపడానికి జనాన్ని పోగుచేసింది ఆ కూడలిలోనే. దాని మూలన తదెయుష్ పంకియెవిచ్ నడిపిన మందుల దుకాణం ఇప్పుడు మ్యూజియం. ఘెట్టో లోపల దుకాణం నడిపేందుకు అనుమతి ఉన్న, యూదుడు కాని ఏకైక పోలిష్ వ్యక్తి ఆయన. ల్వోవ్‌స్కా వీధిలో ఘెట్టో గోడ ముక్క మిగిలి ఉంది. దాని పైభాగాన్ని యూదుల సమాధిరాళ్ల ఆకారంలో కట్టారు. 1943 మార్చి 13, 14 తేదీల్లో ఘెట్టోను ఖాళీ చేయించి, పనికొస్తారనుకున్నవారిని ప్వాషూఫ్ శిబిరానికి తోలారు.

తన యూదు కార్మికులను కాపాడిన జర్మన్ వ్యాపారి ఆస్కర్ షిండ్లర్ ఫ్యాక్టరీ కూడా ఇటువైపే. లోపల ఉన్నది ప్రధానంగా నాజీల కింద క్రాకోవ్ నగర చరిత్ర, షిండ్లర్ కథ అందులో ఒక భాగం. టికెట్లు వేళల ప్రకారం అమ్ముతారు, రద్దీ రోజుల్లో అప్పటికప్పుడు దొరకవు. పేటల్లో తిప్పే ఎలక్ట్రిక్ బండ్లవాళ్లు 'షిండ్లర్ ఫ్యాక్టరీ' అని బోర్డు పెట్టినా తరచూ బయటినుంచే చూపిస్తారు. నడవలేనివారికి సాయంగా పనికొస్తాయి, వివరణ మాత్రం రికార్డు చేసిందే.

ప్వాషూఫ్ ఇప్పుడు గడ్డి మైదానంలా కనిపిస్తుంది. దాన్ని ఆనుకున్న లీబాన్ క్వారీలో సమాధిరాళ్లు పరిచిన బాట కనిపిస్తే అసలుదనుకోకండి, అది 'షిండ్లర్స్ లిస్ట్' సినిమా సెట్టు మిగులు. నిజంగానే శిబిరాన్ని రెండు యూదు శ్మశానవాటికల మీద కట్టి, సమాధిరాళ్లను దారులకు వాడారు కనుక నమ్మేయడం సులువు.

ఇంకో మాట. 2014 నుంచి పోలండ్‌లో నగర గైడుగా పనిచేయడానికి లైసెన్సు అవసరం లేదు. వీధుల్లో ఎవరైనా గైడు కావచ్చు. 'ఉచిత' టూర్లు చివర మీరిచ్చే డబ్బుతో నడుస్తాయి. వాటిలో మంచివీ ఉన్నాయి, జోకులతో నెట్టుకొచ్చేవీ ఉన్నాయి.

ప్రశ్న: పదకొండేళ్ల పాపను ఆష్విట్జ్‌కు తీసుకెళ్లవచ్చా?

జవాబు: 14 ఏళ్లలోపు పిల్లలకు మ్యూజియమే వద్దని సలహా ఇస్తుంది. నిషేధం కాదు, కానీ ఆ సలహా సరైనదే. జట్టు మధ్యలో పాప ఏడిస్తే బయటికి రావడం కూడా కష్టం. పెద్దవాళ్లు ఒకరి తర్వాత ఒకరు వేర్వేరు రోజుల్లో వెళ్లండి. పాపకు పొద్గూజెలోని కుర్చీల కూడలి, గోడ, వార్సాలో పోలండ్ యూదుల చరిత్ర చెప్పే పోలిన్ మ్యూజియం చాలు.

ప్రశ్న: వార్సా ఘెట్టో పూర్తిగా నేలమట్టమైందంటారు. మరి గైడు ఏం చూపిస్తాడు?

జవాబు: మంచి గైడు నేలను చూపిస్తాడు. 1940 నవంబర్‌లో మూసేసిన ఆ ఘెట్టోలో ఒక దశలో నాలుగున్నర లక్షల మంది ఉన్నారు. 1943 ఏప్రిల్ 19న మొదలైన తిరుగుబాటును అణిచాక నాజీలు వీధి వీధీ కూల్చేశారు. యుద్ధం తర్వాత మురానూఫ్ పేటను ఆ శిథిలాల మీదే, ఆ ఇటుక పొడితోనే కట్టారు. అందుకే అక్కడి ఇళ్లు కొన్ని దిబ్బల మీద ఉంటాయి, వీధి నుంచి మెట్లెక్కి వెళ్లాలి. ఇది చెప్పకుండా తిప్పితే మీకు కనిపించేవి మామూలు అపార్ట్‌మెంట్లే.

నడక పోలిన్ మ్యూజియం ముందున్న ఘెట్టో వీరుల స్మారకం దగ్గర మొదలుపెట్టి తిరుగుబాటుదారుల బంకరు ఉన్న మీవా వీధి 18 దిబ్బ మీదుగా స్తావ్‌కి వీధిలోని ఉమ్‌ష్లాగ్‌ప్లాట్జ్ వరకు సాగాలి. సుమారు కిలోమీటరు. 1942 జూలై 22 నుంచి ఘెట్టో యూదులను ట్రెబ్లింకా సంహార శిబిరానికి రైళ్లు ఎక్కించింది అక్కడే. త్వొమాట్స్కియె వీధిలోని యూదు చరిత్ర సంస్థను వదలకండి. చరిత్రకారుడు ఇమాన్యుయెల్ రింగెల్‌బ్లూమ్ బృందం ఘెట్టో జీవితాన్ని రాసి, లోహపు పెట్టెల్లో, పాల క్యానుల్లో పెట్టి పాతిపెట్టిన కాగితాలు ఆ సంస్థ దగ్గరే ఉన్నాయి. ఒక భాగం 1946లో, ఇంకొకటి 1950లో బయటపడ్డాయి. పోలిన్‌కు కనీసం మూడు గంటలు కావాలి. అది వెయ్యేళ్ల చరిత్ర, హోలోకాస్ట్ అందులో ఒక విభాగమే. మంగళవారం సెలవు.

ప్రశ్న: ఒక్కరోజే మిగిలింది. ట్రెబ్లింకాకా, మైదానెక్‌కా?

జవాబు: ట్రెబ్లింకా చంపడానికి మాత్రమే కట్టిన శిబిరం. 1942 జూలై నుంచి సుమారు ఏడాదిలో ఎనిమిది, తొమ్మిది లక్షల మంది అక్కడ చనిపోయారు. నాజీలే కూల్చి, దున్ని, ఆనవాలు లేకుండా చేశారు. ఇప్పుడున్నది 1964 నాటి స్మారకం. అడవి మధ్య 17,000 రాళ్లు, వాటిలో ఒక్కదాని మీదే వ్యక్తి పేరు ఉంటుంది, వార్సా ఘెట్టోలో అనాథాశ్రమం నడిపిన యానుష్ కొర్చాక్. ముందే చదివి వెళ్లకపోతే, గైడు లేకపోతే అక్కడ అరగంటలో పని అయిపోయినట్టనిపిస్తుంది. వార్సా నుంచి బస్సు, రైలు సౌకర్యం అంతంతమాత్రం కాబట్టి కారో, టూరో తప్పదు.

మైదానెక్ శిబిరం దీనికి పూర్తిగా వేరు. 1944 జూలైలో సోవియట్ సైన్యం ముంచుకొచ్చేసరికి కూల్చే వ్యవధి లేక గ్యాస్ గదులు దాదాపు ఉన్నవి ఉన్నట్టే మిగిలాయి. లుబ్లిన్ నగరం అంచునే ఉంది, సిటీ బస్సులో వెళ్లవచ్చు, ప్రవేశం ఉచితం. గైడు లేకుండా వెళ్లేవారికైతే మైదానెక్ అనే చెబుతాం.

ప్రశ్న: సినగాగుల్లో (యూదుల ప్రార్థనా మందిరాల్లో), యూదుల శ్మశానవాటికల్లో పాటించాల్సినవి ఏమిటి?

జవాబు: మగవారు తల కప్పుకోవాలి. టోపీ లేకపోతే గుమ్మం దగ్గర చిన్న కిప్పా ఇస్తారు. భుజాలు, మోకాళ్లు కప్పే బట్టలు వేసుకోండి. సమాధి మీద పూలు కాదు, చిన్న రాయి పెట్టడం వారి ఆనవాయితీ. అప్పటికే ఉన్న రాళ్లను కదపకండి, తీసుకురాకండి. రాళ్ల కింద మడిచిన కాగితాలు కనిపిస్తే విప్పకండి, అవి ప్రార్థనలు. శనివారం సబ్బాతు (యూదుల వారపు విశ్రాంతి దినం) కనుక క్రాకోవ్‌లో రెము సినగాగు, వార్సాలో ఒకొపోవా వీధి శ్మశానవాటిక మూసి ఉంటాయి. శుక్రవారం కూడా తొందరగా మూసేస్తారు. సెప్టెంబర్, అక్టోబర్ నెలల్లో వెళ్లేవారు యూదుల పండుగ తేదీలు చూసుకోండి, వరుసగా రెండు మూడు రోజులు తలుపులు తీయకపోవచ్చు. శనివారాన్ని ఆష్విట్జ్‌కు కేటాయిస్తే ఆ రోజు వృథా కాదు.