కూలింగ్ ఉన్న లారీలో జనం వేడికి ఎలా చనిపోయారు?

ప్రశ్న 2022 జూన్ 27న అమెరికాలోని శాన్ ఆంటోనియోలో దొరికిన ట్రైలర్ గురించి. మెక్సికో సరిహద్దు దాటించి తెస్తున్న వలసదారుల్లో 53 మంది అందులో చనిపోయారు.

ఏసీ పాడైంది. ఆ సంగతి ఎక్కించినవాళ్లకు ముందే తెలుసని విచారణలో బయటపడింది. తలకు 12,000 నుంచి 15,000 డాలర్లు తీసుకుని మరీ ఎక్కించారు.

చల్లదనం పోకుండా ఈ ట్రైలర్ల గోడల్లో ఫోమ్ దట్టిస్తారు. ఏసీ ఆగితే ఆ ఫోమే వేడిని బయటకు పోనివ్వదు, ఫ్లాస్కులో కాఫీలాగే. ఊరికే కూర్చున్న మనిషి ఒళ్లు దాదాపు 100 వాట్ల వేడి వదులుతుంది. అరవై మంది పైచిలుకు అంటే ఆరు కిలోవాట్లు! చెమటతో గాలిలో తేమ నిండిపోయాక ఇక చెమట ఆరదు, ఆరని చెమట ఒంటిని చల్లబరచదు. ఒంటి వేడి 40 డిగ్రీలు దాటితే మతి తప్పుతుంది.

ఏసీ పనిచేసి ఉంటే ఆ మూడు గంటల ప్రయాణంలో బతికేవాళ్లేమో. కానీ అది ఉన్న గాలినే తిప్పుతుంది, కొత్త గాలి తేదు. మనిషి గంటకు సుమారు 18 లీటర్ల కార్బన్ డయాక్సైడ్ వదులుతాడు. 2015 ఆగస్టులో ఆస్ట్రియాలో పార్న్‌డార్ఫ్ దగ్గర దొరికిన కోడిమాంసం లారీనే తీసుకోండి: 14 చదరపు మీటర్ల చోటులో 71 మంది. ఎత్తు రెండు మీటర్లనుకుంటే, మనుషులు పోను మిగిలే గాలి 23 ఘనపు మీటర్లు. గంటకు ఐదు శాతం పైనే విషవాయువు చేరుతుంది. పది శాతానికి స్పృహ పోతుంది, అంటే రెండు గంటల లోపే. ఒక్కరూ మిగల్లేదు. 2019లో ఇంగ్లండ్‌లోని ఎసెక్స్‌లో పోయిన 39 మంది వియత్నాం వాళ్ల ట్రైలర్ ఇంతకంటే పెద్దదే, కానీ గంటలు ఎక్కువ. లోపలి వేడి 38.5 డిగ్రీలకు చేరింది.

తలుపు గడియలు బయటే ఉంటాయి. శాన్ ఆంటోనియోలో బతికినామె ఒకరు తమ ఫోన్లు ముందే లాక్కున్నారని చెప్పింది.

ఆగి ఉన్న ట్రైలర్లోంచి బాదుడు వినిపిస్తే ముందు ఎమర్జెన్సీ నంబరుకు ఫోన్ చేసి తలుపులు తీయండి. మనుషుల్ని నీడకు చేర్చి, బట్టలు వదులు చేసి, చన్నీళ్లు పోసి విసరండి. స్పృహ లేనివాళ్ల నోట్లో నీళ్లు పోయొద్దు. లేచి కూర్చున్నవాళ్లనీ ఆసుపత్రికి పంపాలి: వేడికి కండరాలు చితికి ఆ వ్యర్థం కిడ్నీలను మూసేస్తుంది, మూత్రం డికాక్షన్ రంగులో వస్తుంది.