శిక్ష సంగతి వేరు, పరిహారం సంగతి వేరు

చిరంజీవికి పెద్దనాయన ఆశీస్సులు.

బిడ్డా, నువ్వు పంపిన అప్పీలు డ్రాఫ్ట్ రెండుసార్లు చదివాను. పదకొండు గ్రౌండ్లు (అప్పీలుకు కారణాలు) రాస్తే అందులో ఏడు ఒకటే పాట: అరెస్టు అక్రమం, కాబట్టి శిక్ష కొట్టేయాలి. హైకోర్టులో ఇది నిలబడదు. దర్యాప్తులో లోపం ఉన్నంత మాత్రాన విచారణ చెల్లకుండా పోదని సుప్రీంకోర్టు 1954లోనే రిష్‌బుడ్ కేసులో తేల్చేసింది. పాత క్రిమినల్ ప్రొసీజర్ చట్టం (సీఆర్‌పీసీ) సెక్షన్ 465, దాని స్థానంలో వచ్చిన బీఎన్ఎస్ఎస్ సెక్షన్ 511 చెప్పేదీ అదే. ఆ లోపం వల్ల న్యాయం దెబ్బతిన్నదని నువ్వు చూపించాలి. కింది కోర్టులో అప్పుడే ఎందుకు అడగలేదంటారు కూడా. రికార్డంతా వెతికాను, మనవాళ్లు ఎక్కడా నోరు విప్పలేదు.

అట్లని మీ క్లయింటును రెండు రోజులు స్టేషన్లో కూర్చోబెట్టింది ఉత్తగా పోనక్కర్లేదు. దానికి రాజ్యాంగం 226 అధికరణ కింద హైకోర్టులో వేరే రిట్ వేసి ప్రభుత్వం నుంచి పరిహారం అడుగు. రుదుల్ షా కేసు చదువు. నిర్దోషి అని తీర్పు వచ్చాక కూడా బిహార్ జైల్లో పద్నాలుగేళ్లు ఉంచారు. 1983లో సుప్రీంకోర్టు 30 వేలు ఇప్పించి, సివిల్ దావా హక్కును అట్లాగే ఉంచింది. గూఢచర్యం కేసులో అక్రమంగా అరెస్టయిన ఇస్రో శాస్త్రవేత్త నంబి నారాయణన్‌కు 2018లో 50 లక్షలు వచ్చాయి. ఆధారం లేని అరెస్టుకు పరిహారమిచ్చే బీఎన్ఎస్ఎస్ 399 వెంట మాత్రం పడకు. దాని కింద వచ్చేది మహా అయితే వెయ్యి రూపాయలు, నాంపల్లి కోర్టు దగ్గర జిరాక్స్‌లకే చాలవు.

అసలు పని కాగితాల్లో ఉంటుంది. నా కేసొకదానిలో అరెస్టు మెమోలో మంగళవారం సాయంత్రం 6 గంటలని రాశారు, బుధవారం పొద్దున రిమాండ్. అరెస్టయినవాణ్ని మేజిస్ట్రేటు ముందు పెట్టాల్సిన 24 గంటల లోపే అంతా, ఎక్కడా వంక లేదు. కానీ కుర్రాడి కాలికి దెబ్బ తగిలితే సోమవారం పొద్దున ఆసుపత్రికి తీసుకుపోయారట. వాళ్లమ్మ చీర కొంగున ముడివేసుకున్న ఓపీ చీటీ తీసి చూపించింది. నాలుగు మడతలు, చెమటకు సగం చెరిగిన ముద్ర. "తెచ్చినవారు" అన్నచోట కానిస్టేబుల్ నంబరు! మెమో రాసినాయన దాన్ని మరిచిపోయాడు.

నువ్వూ అట్లాంటిదే వెతుకు. రిమాండ్ రిపోర్టు, జైలు అడ్మిషన్ రిజిస్టరు, స్టేషన్ జనరల్ డైరీ సర్టిఫైడ్ కాపీలకు రేపే అర్జీ పెట్టు. స్టేషన్ సీసీ కెమెరా ఫుటేజీ కనీసం ఏడాది ఉంచాలని సుప్రీంకోర్టు 2020లో చెప్పింది, కానీ ఈపాటికి పోయి ఉండొచ్చు.

డబ్బు వచ్చినా శిక్ష తగ్గదని క్లయింటుకు ముందే చెప్పు. ఆదివారం కట్ట పట్టుకుని ఇంటికి రా, ఆ ఏడు గ్రౌండ్లు కొట్టేసి కూర్చుందాం.

నీ పెద్దనాయన