పాటల హక్కులకి రిటైర్మెంట్ డబ్బు పెట్టొచ్చా?

ప్రశ్న: నా వయసు 41. సంగీతకారుల మీద డాక్యుమెంటరీలు తీస్తాను. ఒక గాయని మీద తీస్తున్న సినిమా రఫ్ కట్ (తొలి విడత ఎడిటింగ్) దాకా వచ్చింది. అందులో 14 పాటలున్నాయి. హక్కులు కొందామంటే నిర్మాత చేతులెత్తేశాడు. నా రిటైర్మెంట్ పొదుపు పెట్టి, సినిమా అమ్ముడుపోగానే మళ్ళీ వేసేద్దామనుకుంటున్నాను. సరేనా?

జవాబు: వద్దండీ. 'అమ్ముడుపోగానే' అన్నారు చూడండి, నా టెన్షన్ అంతా దానితోనే. మీ రంగంలో దానికి తారీఖు ఉండదు. అమెరికన్ గాయని అరీతా ఫ్రాంక్లిన్ 1972లో ఒక చర్చిలో పాడిన పాటల్ని దర్శకుడు సిడ్నీ పొలాక్ చిత్రీకరించారు. షాట్ మొదట్లో గుర్తుగా కొట్టే క్లాపర్ బోర్డులు వాడకపోవడంతో బొమ్మకీ ధ్వనికీ పొంతన కుదరలేదు. తర్వాత న్యాయపరమైన చిక్కులు. ఆ సినిమా తెరమీదికి వచ్చింది 2018 నవంబరులో. అప్పటికి ఇద్దరూ లేరు.

రెండో సంగతి. 14 పాటలంటే 14 లైసెన్సులు కాదు, కనీసం 28. పాట రాసి, బాణీ కట్టినవాళ్ళ తరఫున సింక్ లైసెన్స్ ఒకటి, ఆ రికార్డింగ్ ఎవరిదో వాళ్ళ దగ్గర మాస్టర్ లైసెన్స్ ఇంకొకటి. పైగా చాలా ఒప్పందాల్లో ఒక షరతు ఉంటుంది: ఒకరికి ఎక్కువిస్తే మిగతావాళ్ళకీ అంతే ఇవ్వాలి. పదమూడు పాటలకి బేరం కుదిరాక పద్నాలుగో ఆయన రేటు పెంచాడంటే, ముందు సంతకం పెట్టినవాళ్ళకీ పెంచి కట్టాల్సిందే. లోతు తెలియని ఈ గోతిలో మీ ముసలితనపు డబ్బు పోస్తారా?

ముందు ఎడిటర్‌తో కూర్చుని పాటలు తగ్గించండి. ప్రాణం ఒప్పదు, తెలుసు. కానీ దృశ్యాల వెనక ఊరికే మోగే పాటలు మొదట పోవాలి. గాయని మీ కెమెరా ముందే పాడితే ఆ పాటకి మాస్టర్ ఖర్చు తప్పొచ్చు. అయితే పాత రికార్డింగ్ కంపెనీతో ఆమె ఒప్పందం దానికి అడ్డొస్తుందేమో లాయరుకు చూపించండి. సింక్ ఎలాగూ కట్టాలి. మిగిలిన వాటికి ఇప్పుడు ఫెస్టివల్ లైసెన్స్ (చిత్రోత్సవాల్లో చూపించుకునే అనుమతి) మాత్రమే తీసుకుని, పూర్తి హక్కుల రేటు అదే కాగితంలో రాయించుకోండి. కొనేవాళ్ళు దొరికాక, వాళ్ళిచ్చే డబ్బులోంచి అది కట్టొచ్చు.

ఇక మీ ఇంటి లెక్క. డైరెక్టర్ ఫీజు ఎంత తీసుకున్నారో మీరు రాయలేదు. 'తర్వాత ఇస్తాం' అన్న ఫీజైతే నా పుస్తకంలో అది సున్నా. వచ్చే సినిమాకి షూటింగ్ మొదలు, రఫ్ కట్, ఫైనల్ అని మూడు వాయిదాలు రాయించుకోండి. జీతగాళ్ళకి ఆరు నెలల ఖర్చు చేతిలో ఉంచుకోమంటాను, మీకు పన్నెండు. రిటైర్మెంట్‌కి నెలనెలా కట్టడం మీకు కుదరదు కాబట్టి, చెక్కు వచ్చిన రోజే అందులో ఐదో వంతు పక్కకి తీసేయండి.

అయినా మనసాగకపోతే, పోయినా ఇల్లు కదలనంత మొత్తమే ఇవ్వండి. అదీ నిర్మాణ సంస్థకి అప్పుగా, వసూళ్ళలో మీ వంతు ఎన్నోదో కాగితం మీద రాయించుకుని. వాళ్ళ అప్పులకి మీరు హామీ సంతకం మాత్రం పెట్టకండి.