ప్రతి సినిమాలోనూ పోయే ఆ పొట్టాయన

1940ల హాలీవుడ్ క్రైమ్ సినిమాల్లో కళ్ళు ఇంతింత చేసుకుని, బెదిరిపోతూ, చివరికి ఎవరో ఒకరి చేతిలో పోయే ఆ పొట్టి మనిషి ఎవరని కదా మీరడిగింది? ఎలైషా కుక్ జూనియర్. 1903లో శాన్ ఫ్రాన్సిస్కోలో పుట్టాడు.

తొంభైల్లో పగలు కార్టూన్ నెట్‌వర్క్ వచ్చే ఛానెల్లోనే రాత్రికి టీఎన్‌టీ మొదలై నలుపు తెలుపు సినిమాలు వచ్చేవి, గుర్తుందా? నేను కార్టూన్ల కోసం కూర్చుంటే నాన్న ఆ తర్వాతి సినిమా కోసం కాచుకునేవారు. ఈయన కనపడగానే "వచ్చాడ్రా, ఇంకో అరగంటలో పోతాడు" అనేవారు. చాలాసార్లు నిజమయ్యేది కూడా.

అందరూ 'ది మాల్టీస్ ఫాల్కన్' (1941) గురించే చెప్తారు. అప్పటికి ఆయనకి 37 ఏళ్ళు, అయినా తుపాకీ పట్టుకుని పెద్ద రౌడీలా పోజు కొట్టే కుర్రాడి వేషం సరిగ్గా సరిపోయింది. హీరో బోగార్ట్ కారిడార్‌లో అతని రెండు తుపాకులూ లాగేసుకుంటే మనకే జాలేస్తుంది. 'ది బిగ్ స్లీప్' (1946)లో ఇంకా చిన్న వేషం, కానీ ప్రేమించిన అమ్మాయి కోసం వెతుకుతున్న రౌడీకి ఆమె అడ్రస్ తప్పు చెప్పి ఆమెని కాపాడి, ఆ రౌడీ ఇచ్చిన విషం తాగి చచ్చిపోతాడు, పక్క గదిలో హీరో వింటూనే ఉంటాడు.

నన్నడిగితే మాత్రం ఆయన బెస్ట్ 'ది కిల్లింగ్' (1956), కుబ్రిక్ తీసింది, నేను చాలా ఏళ్ళ తర్వాత చూశాను. గుర్రప్పందేల దగ్గర క్యాషియరు, పెళ్ళాం దగ్గర గొప్ప కోసం దొంగతనం ప్లాను నోరు జారతాడు, ఆమె దాన్ని ప్రియుడికి చేరవేస్తుంది. చివర్లో మొహమంతా రక్తంతో ఇంటికొచ్చి ఆమెని కాల్చి, పంజరంలో చిలకతో సహా కూలిపోతాడు. భయం, ప్రేమ, అవమానం మూడూ ఒకే మొహంలో. హీరోలకి ఇలాంటి సీను రాయరు, రాసినా వాళ్ళు ఒప్పుకోరు.

షూటింగ్ లేకపోతే సియెర్రా నెవాడా కొండల్లో ఒంటరిగా ట్రౌట్ చేపలు పట్టుకుంటూ ఉండేవాడట, వేషం ఉంటే స్టూడియో వాళ్ళే అక్కడికి మనిషిని పంపి కబురు పెట్టేవాళ్ళట. పార్టీలకి తిరగకుండానే దశాబ్దాల తరబడి పని దొరికిందంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. 1995లో, 91 ఏళ్ళకి పోయాడు.

అన్నట్టు, 1980ల్లో 'మాగ్నమ్ పీఐ' సీరియల్లో ఐస్ పిక్ అనే ముసలి డాన్ వేషం వేశాడు. ఇన్నాళ్ళూ బెదిరిపోయినవాడు డానా అని నాన్న నమ్మలేదు, క్లిప్ పెట్టి చూపించాల్సొచ్చింది.