రెండు గోల్డ్ ఫిష్‌లకి గాజు బౌల్ సరిపోతుందా, లేక ట్యాంక్ కొనాలా?

బౌల్ మాత్రం వద్దండి. షాపులో అంగుళం పిల్లని చూసి కొనేస్తాం గానీ సన్నగా పొడుగ్గా ఉండే కామన్, కామెట్ రకాలు అడుగు దాకా పెరుగుతాయి, వాటికి పెరట్లో సిమెంట్ తొట్టే కరెక్ట్. బొద్దుగా ఉండే ఒరాండా లాంటివైతే మొదటిదానికి 75 లీటర్లు, తర్వాత ఒక్కోదానికి 40 లెక్కేస్కోండి, అంటే మీకు 3 అడుగుల పొడవు, 15 అంగుళాల వెడల్పు, అంతే ఎత్తున్న ట్యాంక్ హాయిగా సరిపోద్ది, దాదాపు 130 లీటర్లు పడతాయి.

ఇంత ఎందుకంటే ఇవి తిండిపోతులు, తిన్నదంతా వ్యర్థంగా వదిలితే నీళ్లలో అమ్మోనియా పెరిగి మొప్పలు కాలిపోతాయి. దాన్ని తినే బ్యాక్టీరియా ఫిల్టర్ స్పాంజిలో పెరగడానికి 4 నుంచి 6 వారాలు పడుతుంది, అందుకే కొత్త ట్యాంక్‌లో వేసిన చేపలు వారానికే పోతుంటాయి (మనమేమో దిష్టి తగిలిందనుకుంటాం). ఆ స్పాంజిని కుళాయి కింద కడగకండి, తీసిన ట్యాంక్ నీళ్లలోనే పిండండి.

వారానికి పావు వంతు నీళ్లు మార్చండి, మున్సిపల్ నీళ్లయితే యాంటీ క్లోరిన్ చుక్కలు తప్పనిసరి. హీటర్ అక్కర్లేదు, ఇవి చల్లనీళ్ల చేపలు, మన ఎండాకాలమే వాటికి కష్టం, అప్పుడు ఎయిర్ పంప్ ఆపొద్దు.