హిందీ దర్శకుడు సూరజ్ బర్జాత్యా ప్రేమకథల్లో కుటుంబానికి అంత పెద్దపీట ఎందుకు? 'ప్రేమ్ రతన్ ధన్ పాయో'లోకి రాజమహల్ ఎందుకు వచ్చింది?

ఆయన సినిమాల్లో ప్రేమకు అడ్డు విలన్ కాదు, బాధ్యత. 1994లో వచ్చిన 'హమ్ ఆప్‌కే హై కౌన్' (తెలుగులో 'ప్రేమాలయం') చూడండి. అక్క చనిపోయాక పసిబిడ్డ కోసం కథానాయిక నిషా తన బావను పెళ్లాడటానికి సిద్ధపడుతుంది, ఆమెను ప్రేమించిన బావ తమ్ముడు ప్రేమ్ (సల్మాన్) నోరు మెదపడు. ఇద్దరిలో ఎవరూ ఇల్లు వదిలి పారిపోవాలనుకోరు. అన్నేసి పాటలున్నా బోర్ కొట్టదు. ఎందుకంటే సీమంతం, పెళ్లిలో చెప్పులు దాచడం లాంటి వేడుకలే అక్కడ పాటలయ్యాయి. పైగా సల్మాన్‌కు పాడింది మన బాలు గారాయె!

2015 నాటి 'ప్రేమ్ రతన్ ధన్ పాయో'లో ఆ ఇల్లే రాజమహల్ అయింది. తెలుగులో ఇది 'ప్రేమలీల', సల్మాన్‌కు రామ్ చరణ్ డబ్బింగ్ చెప్పారు. రాంలీల (రామాయణ నాటకం)లో వేషాలు వేసే అయోధ్య కుర్రాడు, అచ్చం తనలాగే ఉండే గాయపడిన యువరాజు స్థానంలోకి వెళ్తాడు. అక్కడ అద్దాల మేడ ఉంది, నౌకర్లున్నారు, కానీ సవతి చెల్లెళ్లు అన్నకు దూరంగా బతుకుతున్నారు. ఆస్తి గొడవలకు, పాత అవమానాలకు రాజరికం ఒక భూతద్దం. ఆ చెల్లెళ్లను దగ్గర చేసుకోవడం యువరాజు వల్ల కాలేదు, ఆ నాటకాల కుర్రాడి వల్లే అయింది. నా దృష్టిలో సినిమాకు ప్రాణం అదే. యువరాజుకు కాబోయే భార్య మైథిలితో ఆ కుర్రాడి ప్రేమకథ కంటే ఆ అన్నాచెల్లెళ్ల సన్నివేశాలే నాకు ఎక్కువ నచ్చాయి. చివర్లో అద్దాల మేడలో జరిగే పోరాటం మాత్రం కాస్త సాగింది.