విభజనకు ముందు సర్వీసు లెక్కలోకి రాదా?

ప్రశ్న: ఉమ్మడి రాష్ట్రంలో స్టేట్ క్యాడర్ ఉద్యోగిని. విభజనలో నన్ను ఆంధ్రప్రదేశ్‌కు కేటాయించారు. తెలంగాణకు వెళ్లిన నా జూనియర్‌కు ప్రమోషన్ వచ్చేసింది. నా పాత సర్వీసు పోయినట్టేనా? చాలా టెన్షన్‌గా ఉంది.

జవాబు: పోలేదండీ, ఆ భయం వద్దు. 2014 పునర్వ్యవస్థీకరణ చట్టం 78వ సెక్షన్ ప్రకారం జూన్ 2కు ముందు మీరు చేసిన సర్వీసంతా మీకు కేటాయించిన రాష్ట్రంలో చేసినట్టే లెక్క, పైగా అప్పటి సర్వీసు నిబంధనలను కేంద్రం ముందస్తు అనుమతి లేకుండా మీకు నష్టం కలిగేలా మార్చకూడదు.

ఇక జూనియర్ సంగతి. తుది కేటాయింపు అయ్యాక రెండు రాష్ట్రాల సీనియారిటీ జాబితాలు వేరు, ఖాళీలు వేరు, కాబట్టి అక్కడ ఆయనకొచ్చిందని ఇక్కడ అడగలేరు. బాధగానే ఉంటుంది, కానీ ప్రమోషన్ అవకాశాలు తగ్గడం సర్వీసు నిబంధన మారినట్టు కాదని 1956 విలీనం తర్వాత మొదలైన మహమ్మద్ షుజాత్ అలీ కేసులో సుప్రీంకోర్టు 1974లోనే చెప్పింది. ప్రమోషన్‌కు మీ పేరు పరిశీలించమని అడగడం మాత్రం మీ హక్కు, దాన్ని వదులుకోకండి.

మీ శాఖ తాత్కాలిక సీనియారిటీ జాబితా వచ్చిందా? మీ కేడర్‌లో చేరిన తేదీ, ర్యాంకు సరిచూసుకుని, తప్పుంటే గడువులోగా రాతపూర్వకంగా అభ్యంతరం ఇచ్చి రశీదు తీసుకోండి. నోటిమాటగా చెప్పి ఊరుకుంటే తర్వాత కోర్టులో ఆలస్యమే మీకు అడ్డమవుతుంది.